బా సింగ్ సే మూడుసార్లు చేతులు మారింది: వైట్ లోటస్, దై లీ, రెడ్ లోటస్‌లలో ఎవరిది న్యాయం?

మీరు మూడు విషయాలు అడిగారు. ‘అవతార్’ కథాప్రపంచంలోని వైట్ లోటస్, దై లీ, రెడ్ లోటస్ అనే మూడు వర్గాల్లో ఏది బలమైనది, ఏది న్యాయమైనది, రెడ్ లోటస్ నాయకుడు జహీర్ మాటలు మీకు సబబుగా అనిపించడంలో ఏమైనా పొరపాటుందా అన్నవి మీ సందేహాలు. చివరిదానికి ముందుగా జవాబు చెబుతాను. పొరపాటేమీ లేదు. నేను మొదటిసారి చూసినప్పుడు, భూరాజ్య రాణిని చంపిన తర్వాత జహీర్ రేడియోలో చేసే ప్రసంగాన్ని వెనక్కి తిప్పుకొని మూడుసార్లు విన్నాను, విన్న ప్రతిసారీ తల ఊపాను. ఆ మాటల్లో తప్పు పట్టగలిగింది నాకు ఈనాటికీ దొరకలేదు. కాబట్టి ఈ మూడు వర్గాలనూ వాటి మాటలను బట్టి తూచడం మానుకొని, అవి చేసిన పనిని బట్టి, ఆ పని జరిగిన మర్నాడు జనం ఏ స్థితిలో మిగిలారన్నదాన్ని బట్టి తూచాలని నా అభిప్రాయం. ఇందులో రెండు సిరీస్‌ల కథా పూర్తిగా బయటపడుతుంది, ఇంకా చూడనివారు గమనించగలరు.

ఇలా తూచడానికి కథ మనకు ఒక మంచి అవకాశం ఇచ్చింది. ఈ మూడు వర్గాలూ ఏదో ఒక రోజున ఒకే నగరాన్ని కూల్చడమో గెలవడమో చేశాయి. ఆ నగరం భూరాజ్యానికి రాజధాని అయిన బా సింగ్ సే. 2005 నుంచి 2008 వరకు 61 భాగాలుగా వచ్చిన ‘ది లాస్ట్ ఎయిర్‌బెండర్’లో అది రెండుసార్లు చేతులు మారింది. ఆ కథ ముగిసిన డెబ్బై ఏళ్ల తర్వాతి కాలాన్ని చూపిస్తూ 2012 నుంచి 2014 వరకు 52 భాగాలుగా వచ్చిన ‘ది లెజెండ్ ఆఫ్ కోరా’లో మూడోసారి కూలింది. నీరు, భూమి, నిప్పు, గాలి అనే నాలుగు భూతాలను శరీర కదలికలతో నడిపించే బెండింగ్ విద్య మూడు వర్గాల్లోనూ ఉంది. ఆ విద్యను ఎవరికోసం వాడారన్న దగ్గరే వాటి దారులు వేరయ్యాయి.

మొదట దై లీ సంగతి చూద్దాం, ఎందుకంటే ఈ మూడింటిలో అర్థం చేసుకోవడం తేలికైనది అదే. బా సింగ్ సే సాంస్కృతిక వారసత్వాన్ని కాపాడడానికి నాలుగు భూతాలనూ నడిపించగలిగి, తరతరానికీ మళ్లీ పుట్టే అవతార్‌లలో ఒకరైన క్యోషీ ఏర్పాటు చేసిన భూబెండర్ల దళం అది. మొదటి సిరీస్ నాయకుడైన అవతార్ ఆంగ్ నగరంలో అడుగుపెట్టే నాటికి, బయట నూరేళ్లుగా అగ్నిరాజ్యంతో యుద్ధం సాగుతున్నా లోపల ఆ మాట ఎత్తినవారిని లావోగాయ్ సరస్సు అడుగున ఉన్న గదులకు తీసుకెళ్లి మనసులు మార్చే రహస్య పోలీసుగా దిగజారింది. రాజు కువేయ్‌కి తన గోడల బయట యుద్ధం ఉందన్న సంగతే తెలియదు, ఆయన పేరుతో పాలన సాగించేది దై లీ అధిపతి లాంగ్ ఫెంగ్. దళాన్ని స్థాపించిన వ్యక్తి ఉద్దేశం ఎంత మంచిదైనా, జవాబు చెప్పుకోవలసిన అవసరం లేని అధికారం రెండు మూడు తరాలు గడిచేసరికి ఏమవుతుందో దై లీ చూపిస్తుంది.

దై లీ నగరాన్ని అప్పగించిన తీరు ఈ సిరీస్ మొత్తంలో నన్ను ఎక్కువగా కలవరపెట్టిన ఘట్టాల్లో ఒకటి. అగ్నిరాజ్య యువరాణి అజూలా ఇద్దరు స్నేహితురాళ్లతో మారువేషంలో లోపలికి వచ్చి, సైన్యం లేకుండానే కుట్ర నడుపుతుంది. చివర్లో లాంగ్ ఫెంగ్ ఆమెను బంధించమని ఆజ్ఞాపిస్తాడు. ఆకుపచ్చ దుస్తుల్లో వరుసగా నిలబడ్డ దై లీ మనుషులు కదలరు. ఇద్దరిలో ఎవరు గెలుస్తారో తేలేదాకా వాళ్లు ఎటూ మొగ్గరు. ఏలే హక్కు పుట్టుకతో వచ్చేదని అజూలా చెప్పగానే, అడుగు నుంచి ఎగబాకి వచ్చిన లాంగ్ ఫెంగ్ తలవంచుతాడు. అజూలా పెదనాన్న, సేనాపతి ఐరో 600 రోజులు ముట్టడి వేసినా లొంగని నగరం అలా ఒక గదిలో, ఒక సంభాషణతో లొంగిపోయింది. దై లీకి నమ్మకమంటూ ఏదీ లేదు, ఎవరి చెయ్యి పైనుంటే వారి కింద చేరడమే వాళ్లకు తెలిసిన విధేయత. అందుకే ఆఖరి యుద్ధం నాడు, నిప్పుబెండర్లకు బలమిచ్చే తోకచుక్క వచ్చిన రోజున అజూలా వాళ్లనే బహిష్కరించింది. లాంగ్ ఫెంగ్‌కు చేసిన ద్రోహమే రేపు తనకూ చేస్తారని ఆమెకు భయం పట్టుకుంది. ఆమె మనసు అప్పటికే చెదిరిపోయి ఉన్నా, ఆ ఒక్క లెక్కలో ఆమె తప్పు చేసిందని నేను అనుకోను.

ఇక వైట్ లోటస్. దీన్ని కథ మన కళ్లముందే దాచిపెట్టింది. మొదటి సీజన్‌లో ఐరో పాయ్ షో ఆటలోని ఒక తెల్లతామర బిళ్ల పోయిందని ఓడను వెనక్కి తిప్పిస్తాడు, మనం దాన్ని ముసలాయన చాదస్తంగా తీసుకుంటాం. రెండో సీజన్‌లో ఎడారి అంచున ఉన్న ఒక మురికి దుకాణంలో ఒక అపరిచితుడి ఎదుట కూర్చుని అదే బిళ్లను పలక మధ్యలో పెడతాడు. ఇద్దరూ మాట లేకుండా ఒకరి తర్వాత ఒకరు చకచకా బిళ్లలు పేరుస్తారు, చూస్తుండగానే పలక మీద తామరపువ్వు విచ్చుకుంటుంది. ఐరో తమ్ముడి కొడుకు, అగ్నిరాజ్య యువరాజు జూకో పక్కనే ఉండి చిరాకు పడుతుంటాడు, మనమూ జూకో వైపే ఉంటాం. ఆ పువ్వు ఏమిటో తెలిసిన తర్వాత ఆ రెండు దృశ్యాలకూ తిరిగి వెళ్లి చూడండి. ఒక రహస్య సంఘాన్ని ముసుగులూ రక్తప్రమాణాలూ లేకుండా, తీరిక వేళ ఆడుకొనే ఆటతో పరిచయం చేయడం రచయితల గొప్ప నిర్ణయం.

ఈ సంఘం బలమంతా దాని సభ్యుల్లో ఉంది. అగ్నిరాజ్య సేనాపతిగా ఉండి పక్కకు తప్పుకొన్న ఐరో, సైన్యం నుంచి పారిపోయిన జియోంగ్ జియోంగ్, భూరాజ్యంలోని ఒమాషు నగర రాజు బూమీ, ఉత్తర జలతెగ గురువు పక్కు, బెండింగ్ అసలే రాని ఖడ్గవిద్యా గురువు పియాన్‌డావో. పరస్పరం యుద్ధంలో ఉన్న రాజ్యాల మనుషులు తమ రాజ్యం కంటే జ్ఞానాన్ని, సౌందర్యాన్ని, సత్యాన్ని పెద్దవిగా భావించి ఒకచోట చేరారు. తోకచుక్క రోజున బా సింగ్ సేను విడిపించింది వీళ్లే.

ఆ యుద్ధం కంటే, దానికి ముందు శిబిరంలో జరిగిన మాటలే నాకు ముఖ్యమనిపిస్తాయి. అగ్నిప్రభువు ఓజాయ్‌ని ఎదిరించగలిగేది మీరొక్కరే కదా, మీరే వెళ్లండి అని జూకో అడిగినప్పుడు, ఐరో తాను గెలుస్తానో లేదో చెప్పలేనని అంటాడు. ఒకవేళ గెలిచినా, అధికారం కోసం అన్న తమ్ముణ్ని చంపాడనే చరిత్ర చెప్పుకుంటుందని, దాంతో యుద్ధం శాంతియుతంగా ముగియదని వివరిస్తాడు. సింహాసనం జూకోకు చెందాలంటాడు. తన మట్టుకు చిన్ననాడు కన్న కలను గుర్తుచేసుకుంటాడు. బా సింగ్ సేను ఒకనాడు తాను గెలుస్తానని కల వచ్చింది, ఆ కలను నమ్మి ముట్టడి వేశాడు, ఆ ముట్టడిలోనే కొడుకు లూ టెన్‌ను పోగొట్టుకున్నాడు. ఆ కలకు అర్థం, నగరాన్ని అగ్నిరాజ్యం నుంచి తిరిగి తీసుకొని దాని ప్రజలకు ఇవ్వడమని ముసలితనంలో గ్రహించాడు. ఆ యుద్ధంలో రాజభవనం మీద ఎగురుతున్న అగ్నిరాజ్య పతాకాన్ని తన చేతులతో కాల్చేశాడు. ఆ తర్వాత ఆయన చేసిన పని అదే నగరంలో తన టీ దుకాణంలో కూర్చుని వచ్చినవారికి టీ పోయడం. సింహాసనానికి అంత దగ్గరగా వెళ్లి, దాన్ని ముట్టుకోకుండా, అలాగని ఊరు వదిలి పోకుండా అక్కడే ఉండిపోయిన విజేత ఈ కథలో ఆయన తప్ప ఇంకెవరూ కనబడరు.

అలాగని వైట్ లోటస్‌ను తప్పులేని సంఘంగా చూపించడం సరికాదు. గాలిబెండర్ల జాతి అయిన గాలి సంచారులు అగ్నిరాజ్యం చేతిలో సమూలంగా తుడిచిపెట్టుకుపోయినా, దక్షిణ జలతెగ నీటిబెండర్లను ఒక్కొక్కరినే ఎత్తుకుపోయినా ఈ సంఘం కదిలినట్టు సిరీస్ మనకు చూపించలేదు. చర్చలు, ఆటలు, తత్త్వం అంటూ కాలం గడిపి చివరి నెలలో పిలుపు అందుకున్నారని ఎవరైనా అంటే నేను గట్టిగా ఖండించలేను. యుద్ధం తర్వాతి పరిస్థితి ఇంకా దిగులు పుట్టిస్తుంది. రాజ్యాలకు అతీతంగా ఉండవలసిన సంఘం బహిరంగ సంస్థగా మారి, తర్వాతి అవతార్‌ను వెతకడం, శిక్షణ ఇప్పించడం, కాపలా కాయడం అనే పనులకు కుదించుకుపోయింది. ఆంగ్ తర్వాతి అవతార్ అయిన కోరా బాల్యమంతా దక్షిణ ధ్రువంలో వాళ్ల ఆవరణ గోడల మధ్యే గడిచింది. ఒకనాటి తత్త్వవేత్తల సంఘంలో చివరికి ఈటెలు పట్టుకున్న కాపలాదారులే మిగిలారు.

రెడ్ లోటస్ పుట్టింది సరిగ్గా ఈ అసంతృప్తి నుంచే. వైట్ లోటస్ అసలు ఆశయాన్ని మరిచిపోయి, అవినీతి రాజ్యాలకు ఊడిగం చేసే అంగరక్షకుల గుంపుగా మారిందన్న కోపంతో షై బావ్ బయటికి వచ్చి ఈ సంఘాన్ని స్థాపించాడు. ఆయన చేసిన విమర్శలో నిజముంది, నేనైతే దానికి పూర్తి మార్కులు వేస్తాను. రాజ్యాలకు అతీతంగా ఉండాలన్న పాత సూత్రాన్ని పట్టుకొని, అసలు రాజ్యాలే ఉండకూడదన్న చోటికి వాళ్లు వెళ్లారు. ప్రకృతిలో సహజమైన క్రమం క్రమరాహిత్యమేనని జహీర్ ఆత్మలోకంలో కోరాతో అంటాడు. మూర్ఖుడైన అధ్యక్షుణ్నీ, క్రూరురాలైన రాణినీ నువ్వే చూశావు కదా, వాళ్లు లేకపోతే లోకం బాగుపడదా అని అడుగుతాడు. రాణి విషయంలో కోరా దగ్గర ధీమాగా చెప్పగలిగిన జవాబు లేదు.

జహీర్, లావాను నడిపించే ఘజాన్, చేతులు లేకపోయినా నీటినే చేతులుగా మలుచుకొన్న మింగ్ హ్వా, నుదుటి నుంచి పేలుడును పంపే పీలీ అనే నలుగురూ చిన్నపిల్లగా ఉన్న కోరాను ఎత్తుకుపోవడానికి ప్రయత్నించి పట్టుబడి, పదమూడేళ్లు వేరువేరు చెరల్లో మగ్గారు. లావా మనిషిని సముద్రం మధ్య చెక్క ఓడలో, నీటి మనిషిని అగ్నిపర్వతంలో, పేలుడు మనిషిని మంచులో పెట్టారు. ఆ రోజుల్లో బెండింగే తెలియని జహీర్‌ను కొండ మీద బంధించారు, కొత్త గాలిబెండర్లు పుట్టుకొచ్చిన తరుణంలో అతనికీ ఆ విద్య అబ్బడంతో తప్పించుకున్నాడు.

భూరాణి హౌ టింగ్‌ను చంపే దృశ్యాన్ని ఒకసారి దగ్గరగా చూడండి. ఆమె తాను రాణినన్న ధీమాతో గద్దిస్తుంది. తనకు రాణుల మీద నమ్మకం లేదని జహీర్ ప్రశాంతంగా జవాబిస్తాడు. స్వేచ్ఛ ప్రజలకు గాలిలాంటిదని చెబుతూ, ఆమె ఊపిరితిత్తుల నుంచి అదే గాలిని లాగేస్తాడు. శాంతికి మారుపేరైన గాలిబెండింగ్‌తో మనిషిని చంపవచ్చునని ఈ సిరీస్ అప్పటిదాకా మనకు చూపించలేదు. తర్వాత రేడియోలో, తన పేరు ముఖ్యం కాదని, నగరాన్ని ఏలడానికి రాలేదని, ఇకపై మీరు స్వేచ్ఛాజీవులని ప్రకటిస్తాడు. ఆ ప్రసంగంలో అబద్ధం లేదు. నిజంగానే అతను ఏలలేదు, వెళ్లిపోయాడు.

అతను వెళ్లిపోవడమే నాకు అభ్యంతరం. భవనం లూటీ అయింది, దిగువ వలయం తగలబడింది. కడుపేదలుండే ఆ వలయంలోనే కోరా స్నేహితులైన మాకో, బోలిన్‌ల బంధువుల కుటుంబం ఉంటుంది. రాణి అంటే ప్రాణమిచ్చే అవ్వ యిన్ ఇల్లూ వాకిలీ వదిలి, రాణి చిత్రపటాన్ని గుండెలకు హత్తుకొని బయలుదేరుతుంది. ఆ అవ్వను ఎవరూ అడగలేదు. ఆమె కళ్లకు రాణి దుర్మార్గం కనబడకపోవచ్చు, ఆమె భక్తి పొరపాటు కావచ్చు, అయినా జహీర్ విడిపించానన్న ప్రజల్లో ఆమె కూడా ఉంది.

అంతకంటే బలమైన ఆధారం ఇంకొకటి ఉంది, చాలామంది దీన్ని గమనించరు. రాణి చేసిన నేరాల్లో పెద్దది, కొత్తగా గాలిబెండింగ్ వచ్చిన సామాన్యులను దై లీ చేత పట్టించి, బలవంతంగా సైనికులుగా మార్చబోవడం. కోరా బృందం వాళ్లను విడిపించి పంపిస్తుంది. ఆ కొత్త గాలిజనాన్నే ఉత్తర గాలి ఆలయంలో బందీలుగా పట్టుకొని, కోరా లొంగకపోతే అందరినీ తుడిచిపెడతామని బెదిరించింది ఎవరు? స్వేచ్ఛ గాలిలాంటిదని చెప్పిన జహీరే. రాణికి వాళ్లు సైనికులు, జహీర్‌కు బేరసారాల సరుకు. ఆ మనుషుల కోణం నుంచి చూస్తే పట్టుకున్న చెయ్యి మారిందంతే. పాదరసంతో కోరాను చంపి అవతార్ పరంపరనే అంతం చేయాలన్న పథకం కూడా ఇదే ధోరణిది. లోకమంతటి తరఫున నలుగురు తీర్మానం చేసేశారు.

తర్వాత జరిగింది మీకు తెలుసు. నగరాన్ని చక్కదిద్దమని అడిగితే జావ్‌ఫూ నగర నాయకురాలు సుయిన్ ఒప్పుకోలేదు, ఆమె శిష్యురాలు కువీరా ముందుకొచ్చింది, మూడేళ్లలో సామ్రాజ్యాన్ని ప్రకటించుకొని నిర్బంధ శిబిరాలు తెరిచింది. ఆ పరిణామం తాను కోరుకున్నది కాదని జహీరే చెరలో కోరాతో ఒప్పుకుంటాడు, తన విషం వల్ల చెదిరిన ఆమె మనసు ధ్యానంలో కుదుటపడడానికి సాయం కూడా చేస్తాడు. ఆ నిజాయితీ కారణంగానే దుష్టపాత్రల్లో నేను అతన్ని అందరికంటే పైన పెడతాను. చివరికి రాచరికం రద్దు కావాలని నిర్ణయించింది ఆ సింహాసనానికే వారసుడైన యువరాజు వూ. రెడ్ లోటస్ కోరుకున్న ఫలితం ఎన్నికల దారిలో, ఊపిరి తీయకుండానే వచ్చింది.

మన తెలుగువారికి ఇంకాస్త చనువుగా అర్థమయ్యే కోణం ఒకటి ఇందులో ఉంది. జహీర్ ఆరాధించే గాలిగురువు పేరు లఘిమ. అణిమ, మహిమ, గరిమ, లఘిమ అని అష్టసిద్ధుల పేర్లు చదువుకున్నవారికి ఈ పేరు వినగానే సంగతి తెలిసిపోతుంది. శరీరాన్ని దూదిపింజ కంటే తేలిక చేసుకొనే సిద్ధి అది. సిరీస్‌లోని గురు లఘిమ కూడా చివరి నలభై ఏళ్లు నేల తాకకుండా బతికాడట. ఐహిక బంధాన్ని వదులు, శూన్యంలోకి ప్రవేశించు, గాలివైపో అన్నది ఆయన బోధ. జహీర్‌ను నేలకు కట్టివేసిన ఆఖరి బంధం పీలీ మీది ప్రేమ. ఒక యుద్ధనాయకుడి చేతిలో మారణాయుధం కాబోతున్న ఆమెను చిన్నతనంలో కాపాడింది అతనే. కళ్లముందే ఆమె మరణించిన క్షణంలో అతను కొండ అంచు నుంచి అడుగు బయటపెట్టి, కింద పడకుండా గాలిలో నిలుస్తాడు. చూడడానికి అద్భుతం, కానీ ఆ బంధాన్ని అతను వదులుకోలేదు, అది తెగిపోయింది. మన సంప్రదాయంలో వైరాగ్యానికీ నష్టానికీ మధ్య ఉన్న తేడా చిన్నది కాదు.

దీని పక్కనే మొదటి సిరీస్‌లోని మరో ఘట్టాన్ని పెట్టి చూడండి. గురు పథిక్ ఆంగ్‌కు ఏడు చక్రాలను తెరవడం నేర్పుతూ, చివరి చక్రం కోసం తాను ప్రేమించే కతారా మీది మమకారాన్ని వదులుకోమంటాడు. ఆమెకు ఆపద వచ్చిందని తెలిసి ఆంగ్ చక్రాన్ని వదిలేసి ఆమె కోసం పరుగెత్తుతాడు. శక్తిని కాదనుకొని తప్పు చేశానేమోనని సొరంగంలో నడుస్తూ అడిగితే, పరిపూర్ణతకూ శక్తికీ జనం లేనిపోని విలువ ఇస్తారని, ప్రేమనూ సంతోషాన్నీ ఎంచుకోవడం వివేకమని ఐరో అంటాడు. ఒక లోటస్ నాయకుడికి బంధం లోకాన్ని తెలుసుకొనే దారి, కొడుకు చావు ఆయన్ను శత్రునగరం ముందు మెత్తబరిచింది. మరో లోటస్ నాయకుడికి బంధం బరువు, అది పోగానే ఎగిరిపోయాడు. ఐరో ఆ ఊళ్లోనే ఉండిపోవడానికి, జహీర్ వెళ్లిపోవడానికి మూలకారణం ఇక్కడే ఉందని నేను నమ్ముతున్నాను.

బలాబలాల ప్రశ్నకు ఎక్కువ సమయం వెచ్చించను. వైట్ లోటస్ బా సింగ్ సేను గెలిచింది తోకచుక్క నిప్పుబెండర్ల శక్తిని ఎన్నో రెట్లు పెంచిన రోజున, కాబట్టి ఐరో, జియోంగ్ జియోంగ్‌ల ఆనాటి ప్రతాపాన్ని మామూలు రోజు కొలతగా తీసుకోకూడదు. నలుగురు నలుగురిగా కలిసి పోరాడడంలో రెడ్ లోటస్ జట్టుకు సాటి లేదు. అయితే ఒంటరిగా తలపడ్డప్పుడు జహీర్ మీద ఆంగ్ కొడుకు, గాలిబెండింగ్ గురువు టెన్‌జిన్‌దే పైచేయి అయింది, తక్కిన ముగ్గురూ వచ్చాకే ఫలితం తారుమారైంది. దై లీ ఇరుకు సందుల్లో, చీకట్లో, రాతి చేతితొడుగులతో ప్రమాదకరం, ఆరుబయట ఈ ఇద్దరి ముందూ నిలవదు.

పేర్ల గురించి కూడా ఒక మాట. చైనా చరిత్రలో వైట్ లోటస్ అనే మతసంప్రదాయం నిజంగా ఉంది, దాని పేరుతో చింగ్ వంశం మీద 1796 నుంచి 1804 వరకు పెద్ద తిరుగుబాటు నడిచింది. అంటే చరిత్రలోని వైట్ లోటస్‌కు, కథలోని వైట్ లోటస్ కంటే రెడ్ లోటస్‌తోనే ఎక్కువ పోలిక. దై లీ అన్నది చైనా జాతీయవాద నాయకుడు చియాంగ్ కై షేక్ గూఢచార విభాగాన్ని నడిపి 1946లో విమాన ప్రమాదంలో మరణించిన వ్యక్తి పేరు.

మళ్లీ చూడాలనుకుంటే వరుసగా మూడింటిని చూడండి. మొదటి సిరీస్ రెండో సీజన్ ఆఖరి భాగం, మూడో సీజన్ చివర ముసలి గురువులు కలుసుకొనే భాగం, ఆ వెంటనే కోరా మూడో సీజన్‌లో రాణి మరణించే పదో భాగం. ఆ పదో భాగంలో రేడియో ప్రసంగం మొదలవగానే జహీర్ మాటల మీది నుంచి దృష్టి మళ్లించి, వీధుల్లో ఉన్న మనుషుల ముఖాలను చూడండి. ఆ తర్వాతి భాగంలో అవ్వ యిన్ చేతుల్లోని పటాన్ని కూడా.